సైగకు చిక్కిన సినిమా పేరు

జనగామ, మానుకోట, భూపాలపల్లి వైపు పెళ్లిళ్లలో, కాలేజీ హాస్టళ్లలో, సింగరేణి క్వార్టర్లలో పదిమంది తీరిగ్గా కూడితే మొదలయ్యే ఆటల్లో డంబ్ షరాడ్స్ ఒకటి. అవతలి జట్టువాళ్లు ఒక ఆటగాడి చెవిలో ఒక సినిమా పేరు ఊదుతారు. దాన్ని నోరు మెదపకుండా, పెదాలు కూడా కదపకుండా, రెండు మూడు నిమిషాల్లో తన జట్టుకు చేరవేయాలి. ఖర్చు లేదు, సరంజామా లేదు. అందుకే చాలామంది దీన్ని ఉత్త కాలక్షేపం కింద కొట్టిపారేస్తారు. ఇందులో నేర్చుకోదగ్గ నేర్పు చాలా ఉంది. నటన బాగా వచ్చినవాళ్లే నెగ్గుతారన్న నమ్మకం మాత్రం తప్పు. ఎదుట కూర్చున్నవాళ్ల మనసులో ఆ సినిమా ఏ రూపంలో మిగిలి ఉందో పసిగట్టినవాళ్లు నెగ్గుతారు. ఆ సంగతి స్పష్టంగా తెలిసేది తమిళ సినిమాల పేర్లు ఆటలోకి వచ్చినప్పుడు.

ముందు ఆట పనితనం చూద్దాం. పేరులో ఎన్ని మాటలో వేళ్లతో చూపడం, ఇప్పుడు పట్టుకున్నది ఎన్నో మాటో చెప్పడం, చెవి పట్టుకుంటే ‘ఇలా వినిపించే మాట’ అని అర్థం కావడం అన్ని భాషల వాళ్లకూ ఉన్నదే. తెలుగు పేర్ల దగ్గరికి వచ్చేసరికి మాటల లెక్క అంతగా అక్కరకు రాదు. ‘శంకరాభరణం’ ఒకే మాట. శంకరుణ్ణి నుదుటి మీద మూడో కన్నుతో, ఆభరణాన్ని మెడలో హారంతో విడివిడిగా చూపి, రెండు చేతులూ కలిపితే తప్ప పని జరగదు. బడిలో కష్టపడి నేర్చిన సంధి ఇక్కడ చేతుల్లో విడిపోయి మళ్లీ అతుక్కుంటుంది. పొడుగు పేరు కష్టమని కొత్తవాళ్లు బెదిరిపోతారు గానీ, ‘సీతమ్మ వాకిట్లో సిరిమల్లె చెట్టు’లో చూపడానికి మనిషి ఉంది, వాకిలి ఉంది, పువ్వుంది, చెట్టుంది. అసలు చిక్కు ‘అతడు’తో. మగవాణ్ణి చూపితే వాడు, ఆయన, మొగుడు, మగాడు అంటూ జట్టు ఊరంతా తిరిగి వస్తుంది. ‘నువ్వు’తో మొదలయ్యే పేర్లదీ ఇదే తంటా. ఎదుటివాళ్ల వైపు వేలు చూపగానే ‘నువ్వు నేను’, ‘నువ్వే నువ్వే’, ‘నువ్వు నాకు నచ్చావ్’ వరుసకడతాయి. అక్కడ తర్వాతి మాటను ముందు పట్టుకోవాలి. ఆటలో ఆరితేరినవాళ్లు పేరును మొదటి నుంచి చివరికి చెప్పరు, ఎక్కడ తేలిగ్గా తెగుతుందో అక్కడ కోస్తారు.

ఇక డబ్బింగ్ సినిమాలు. స్ట్రెయిట్ సినిమాలే ఆడాలని కొన్ని జట్లు ముందే షరతు పెడతాయి. ఆ షరతుతో ఆటలోని సగం సారం పోతుంది. 2005లో వచ్చిన ‘అన్నియన్’ తెలుగులో ‘అపరిచితుడు’ అయింది. ముక్కూముఖం తెలియని మనిషి అనే అర్థాన్ని అభినయించబోతే గడువంతా అందులోనే పోతుంది. జుట్టు ముఖం మీదికి లాక్కుని, తల వంచి, కనురెప్పల కింద నుంచి చూస్తే క్షణంలో పేరు పలుకుతారు. అదే ఏడాది వచ్చిన ‘గజిని’కి ఛాతీ మీద వేలితో రాసుకుంటే చాలు. ‘బిచ్చగాడు’ చాచిన అరచేతిలో ఉంది. ఈ సైగల్లో అర్థం పని చేసినవి కొన్ని, జ్ఞాపకం పని చేసినవి కొన్ని. ఆ రెంటిలో ఏది పనికొస్తుందో చెప్పగలిగేది ఎదుట కూర్చున్న మనిషే గనక, ఆటగాడి చూపంతా ఆ మనిషి ముఖం మీదే ఉండాలి. చూసినవాళ్లకు జుట్టు చాలు. చూడనివాళ్ల కోసం దారి మార్చాలి. కనుబొమ ముడిపడిందా, విప్పారిందా అన్నదాన్ని బట్టి సైగ అప్పటికప్పుడు మారిపోవాలి.

ఒకప్పుడు ‘ఇండియన్’కు ‘భారతీయుడు’ అని, ‘పడయప్పా’కు ‘నరసింహ’ అని చక్కటి తెలుగు పేర్లు పెట్టేవాళ్లు. ఇప్పుడు ‘వలిమై’, ‘వేట్టయన్’ అన్న తమిళ పేర్లే పోస్టర్ల మీదికి వస్తున్నాయి. తెలుగు ప్రేక్షకుడికి ఇది చిన్నతనమేనన్న ఫిర్యాదులో నాకూ పాలుంది. ఆటకు మాత్రం ఇవి కొత్త మేత. ‘వలిమై’ అంటే బలమని తెలియని జట్టుకు కండలు చూపి లాభం లేదు. చేపల వల విసిరి, ఆపైన ఒళ్లంతా తడిమి చూపాలి: వల, మై. ‘వేట్టయన్’లో వేట దానికదే దొరుకుతుంది, మిగిలిన తోకను చెవి పట్టుకుని లాక్కురావాలి. నిజానికి ఇదే ఈ ఆట తొలి రూపం. పద్దెనిమిదో శతాబ్దపు ఫ్రాన్సులో షరాడ్ అంటే మాటను ముక్కలు చేసి, ఒక్కో ముక్కకూ ఆనవాలిచ్చే పొడుపుకథ. ఇంగ్లండు చేరాక అది అభినయమైంది. 1847-48లో వెలువడిన థాకరే నవల ‘వానిటీ ఫెయిర్’లో అతిథులు ‘అగమెమ్నాన్’ పేరును ‘అగా’, ‘మెమ్నాన్’ అని రెండుగా విరిచి ఆడతారు. దొరల డ్రాయింగు రూముల ఆట మనకెందుకని అడిగేవాళ్లకు నా జవాబు ఒక్కటే. మాటను విరిచి దాచడం, దాచినదాన్ని విప్పడం పొడుపుకథలు వేసుకునే మన ఇళ్లకు ఎవరూ నేర్పనక్కర్లేదు.

ఒంటి కదలికను చదవడమూ ఇక్కడివాళ్లకు కొత్త కాదు. జనగామ జిల్లా మాణిక్యాపురం చుక్క సత్తయ్య వంటి ఒగ్గు కథకులు వేషం మార్చకుండానే నిలబడే తీరుతో, భుజం మీది గుడ్డతో రాజూ రాణీ గొల్లవాడూ అయిపోయేవారు. చిందు యక్షగానానికి 2024లో పద్మశ్రీ అందుకున్న గడ్డం సమ్మయ్యదీ ఈ జిల్లాయే. ఆ కళల్లో పాట, మాట, డోలు మోత ఉన్నాయి. పార్టీ ఆట వాటి సంతానమని నేననను. అడుగును బట్టి, నడుమును బట్టి మనిషిని గుర్తుపట్టే ప్రేక్షకులను ఆ కళలు తయారు చేశాయి. మానుకోట తండాల్లో ఇంట్లో లంబాడీ, బడిలో తెలుగు మాట్లాడే పిల్లలకు ఈ ఆటలో మరో వెసులుబాటు ఉంది. ఉచ్చారణను చూసి నవ్వేవాళ్లకు ఇక్కడ సందు దొరకదు.

ఒక అభ్యంతరానికి మాత్రం తలవంచాలి. ‘డంబ్’ అన్న మాట మాట్లాడలేనివాళ్లను కించపరుస్తుంది. వాళ్ల సంజ్ఞా భాషకు సొంత వ్యాకరణం ఉంది; మన ఆటలోని చేతులూపుడుకు అదేమీ లేదు. సైగల ఆట అంటే సరిపోతుంది. ఒక కులం నడకనో, కుంటివాళ్ల అడుగునో, నల్లటి ఒంటినో ఎగతాళి చేసి పేరు చెప్పించడం కూడా ఈ ఆటలో జరుగుతుంటుంది. అది చేతకానితనం. ఇంకో దారి వెతకలేక ఎంచుకున్న అడ్డదారి అది.

సినిమాలు చూడనివాళ్ల గతేమిటని మరో ప్రశ్న. ఎవరూ వినని పేరు వెతికి ఇవ్వడమే తెలివనుకునే జట్ల వల్ల ఈ ప్రశ్న వచ్చింది. గదిలో సగం మందికైనా తెలిసిన పేరే ఇవ్వాలన్న కట్టుబాటు ఉంటే ఇది చాలావరకు తీరుతుంది. జట్లను వయసుల వారీగా విడగొట్టకుండా కలిపేస్తే ఇంకా మేలు. ‘గుండమ్మ కథ’ అమ్మమ్మకు, ‘లియో’ మనవడికి. రెండు మణికట్లూ దగ్గర పెట్టి సంకెళ్లు చూపితే తాతకు 1983 నాటి చిరంజీవి కనిపిస్తాడు, మనవడికి 2019లో తమిళం నుంచి వచ్చిన కార్తి కనిపిస్తాడు. ‘ఖైదీ’ అని ఇద్దరూ ఒకేసారి అరుస్తారు, ఆ పాయింటు జట్టుకు దక్కుతుంది.