‘కొవ్వు’ అనే మాట – గుండె కణపు పొర: ఒక పదవిమర్శ

తెలుగు ఆరోగ్య రచనల్లో కొవ్వు గుండెకు శత్రువుగానే కనిపిస్తుంది. వాడుకలో ఆ మాటకు పొగరు అనే అర్థమూ ఉంది. ఈ నిందార్థం ఒక శాస్త్రసత్యాన్ని మరుగుపరుస్తోంది.

1942లో మేరీ పాంగ్‌బోర్న్ పశువు గుండె నుంచి వేరుచేసిన కార్డియోలిపిన్ ఒక ఫాస్ఫోలిపిడ్. మైటోకాండ్రియా లోపలి పొరలో శక్తి ఉత్పత్తికి అది ఆధారం. టఫాజిన్ అనే ఎంజైము దాని కొవ్వు ఆమ్లాల గొలుసులను సవరించి పరిణత రూపానికి తెస్తుంది. ఆ ఎంజైము జన్యువు దెబ్బతింటే, ప్రధానంగా మగపిల్లల్లో, గుండె కండరాన్ని బలహీనపరిచే బార్త్ సిండ్రోమ్ వస్తుంది. ఇక్కడ లోపం కొవ్వు పెరగడం కాదు, పొరకు తగిన లిపిడ్ కొరవడటం.

రెండింటికీ ‘కొవ్వు’ అనే ఒకే మాట వాడితే, బిడ్డ జబ్బుకు తాను పెట్టిన తిండే కారణమని తల్లి కుమిలిపోయే ప్రమాదముంది. నిల్వ ఉండేది కొవ్వు, పొరను కట్టేది లిపిడ్ అనే విభజన పాఠ్యరచనలో స్థిరపడాలి. ప్రజల పలుకుబడికి పట్టంగట్టిన కాళోజీ పేరిట ఆరోగ్య విశ్వవిద్యాలయమున్న వరంగల్ ఇందుకు తగిన చోటు.