బడిపిల్లల చేతికి పంబజోడు

ఏటా తమిళ వైకాశి నెల మొదటి రోజున, అంటే మే 14నో 15నో, తమిళనాడు వేలూరు జిల్లా గుడియాత్తంలో గంగమ్మ శిరసు ఊరేగుతుంది. తరణంపేట ముత్యాలమ్మ గుడి దగ్గర బయల్దేరిన అమ్మవారి తలను కౌండిన్య నది ఒడ్డున ఉన్న గుడికి తెచ్చి, అక్కడి మొండేనికి అతుకుతారు. తండ్రి మాట మీద పరశురాముడు తల్లి తల నరకడం, తిరిగి ప్రాణం పోసేటప్పుడు ఆ తల మరో ఆడమనిషి మొండేనికి చేరడం మనకు తెలిసిన రేణుకా ఎల్లమ్మ కథే. తెలంగాణలో బవనీలు జమిడిక మీటుతూ చెప్పే ఆ కథకు వేలూరు జిల్లాలో పంబ మోత తోడవుతుంది. 1911లో చిత్తూరు జిల్లా వేరుపడేదాకా చిత్తూరు, వేలూరు ప్రాంతాలు చాలావరకు ఉత్తర ఆర్కాటే కాబట్టి, పంబ మోతకు రాష్ట్ర సరిహద్దు అడ్డం కాలేదు.

పంబ ఒకటి కాదు, జోడు. అడుగు పొడవుండే రెండు గొట్టపు వాద్యాల్లో ఒకటి కొయ్యది, ఒకటి ఇత్తడిది. ఒకదాని మీద ఒకటి కట్టి నడుము ముందు అడ్డంగా వేలాడదీసుకుంటారు. అంటే ముఖాలు నాలుగు, చేతులు రెండే. పుల్లతో కొట్టేదేది, అరచేత్తో అణిచేదేది, ఏ క్షణాన పై దాన్నుంచి కిందిదానికి దిగాలి అన్నదే విద్యంతా. కొయ్య మీద దెబ్బ పొట్టిగా, పొడిగా పడి ఆగిపోతుంది. ఇత్తడి మీద పడ్డ దెబ్బ కాసేపు మోగుతుంది. పొడి దెబ్బలతో నడక వేసి, మోగే దెబ్బను ఎక్కడ వదలాలో తెలిసినవాడే మంచి వాయిద్యగాడు. అన్నీ ఒకే జోరున బాదేవాడి పంబ వీధి చివరికి వినిపిస్తుంది గానీ, ఎదురుగా నిలబడ్డవాడికి ఏమీ చెప్పదు.

పక్కన ఉడుక ఉంటుంది. నడుము సన్నగా ఉండే చిన్న వాద్యం. ఎడమచేత్తో నడుము దగ్గరి తాళ్లను నొక్కితే తోలు బిగిసి నాదం పైకి లేస్తుంది, వదిలితే జారుతుంది. కుడిచేతి వేళ్లు దరువు వేస్తుంటే ఎడమ అరచేయి రాగం తీస్తున్నట్టుంటుంది. పాడేవాడి గొంతు పక్కనే వంత పాడే వాద్యమిది. మూడోది కైసిలంబు, లోపల గుళ్లు పోసిన బోలు ఇత్తడి కడియం. రెండు చేతులా పట్టుకుని ఆడిస్తే గలగల. తేలిక పనిలా కనిపిస్తుంది కానీ, పంబ నడక మార్చినప్పుడు గలగల వెనకబడిందంటే మేళం మొత్తం కుంటుతుంది.

జాతరలో గడియారం ఉండదు. పూనకం వచ్చే మనిషి అడుగు చూసి పంబ తన కాలం పెంచుతుంది, అడుగు తడబడితే తగ్గుతుంది. వాయించేవాడి కళ్లు వాద్యం మీద కాదు, ఎదుటివారి పాదాల మీద ఉంటాయి. దీన్ని బడిపిల్లల పోటీ వేదిక మీదికి ఎలా తేవాలన్నదే చిక్కు.

తమిళనాడు ప్రభుత్వ బడుల్లో 2022 నుంచి కలై తిరువిళా పేరిట కళల పోటీలు జరుగుతున్నాయి. పాట, ఆటలతోపాటు వాద్యాలకూ చోటుంది. ఇలాంటి చోట పంబను ఒక్క పిల్లవాడి చేతికిచ్చి నిలబెడితే సగం విద్య పోయినట్టే. మూడు వాద్యాలూ, ఒక గొంతూ, ఆడే కాళ్లూ కలిస్తేనే అది మేళం.

బృందంగా పిల్లల్ని తయారుచేయడంలో సింగపూర్ బడుల చైనా వాద్యబృందాలను చూడాలి. 1967లో మొదలైన సింగపూర్ యువజనోత్సవంలో అవి ఏళ్ల తరబడి వాయిస్తున్నాయి. 2013 నుంచి పతకాలు తీసేసి, మూడు స్థాయిల్లో ప్రశంసాపత్రాలు ఇస్తున్నారు. అంటే ఒక బడి గెలవాలంటే మరో బడి ఓడక్కర్లేదు. ఈ ఒక్క ఏర్పాటూ మనవాళ్లు రేపే తెచ్చుకున్నా మంచిదే. ఆ బృందాల్లో రెండు తీగల మధ్య నుంచి కమాను నడిచే అర్హు, వేళ్లతో మీటే పీపా, మన సన్నాయిలాగే జంట రెల్లు పీకతో ఊదే సువోనా ఉంటాయి. ఇలా వరసలుగా కూర్చుని, రాసుకున్న స్వరాలు చూసి వాయించే పద్ధతి 20వ శతాబ్దంలో రూపుకట్టింది. పడమటి ఆర్కెస్ట్రాను చూసి వాద్యాల శ్రుతుల్ని సరిచేశారు. మంద్రస్థాయికి చెల్లోను, డబుల్ బాస్‌ను అరువు తెచ్చుకున్నారు. మనకూ ఆ ఆలోచన కొత్త కాదు. 1952లో ఆకాశవాణి వాద్యబృందం పెట్టింది, మన ఈమని శంకరశాస్త్రి దానికి కృతులు కూర్చి నడిపించారు.

అయితే సింగపూర్ వాళ్ల దగ్గర నేర్వవలసింది సాధన పద్ధతి వరకే అని నా అభిప్రాయం. పంబలు వేరుగా, ఉడుకలు వేరుగా కూర్చుని సాధన చేసి, ఆ తర్వాత కలవడం బాగుంటుంది. శ్రుతి పెట్టె తెచ్చి ఉడుక జారుడును ఒక స్వరానికి కట్టేయడం మాత్రం వద్దు. ఆ జారుడు పోయిందా, ఉడుకలో మిగిలేది టకటకే. పోటీకి నిమిషాలు లెక్కపెట్టక తప్పదు, ఒప్పుకుందాం. కానీ ఆ నిమిషాల్లోనే నిదానపు నడక నుంచి పరుగుదాకా వెళ్లనివ్వాలి. మొదటి దెబ్బ నుంచే పరుగెత్తిస్తే చప్పట్లొస్తాయి, పంబ రాదు.

ఇంకో సంగతి మాట్లాడకుండా దాటవేయడం తేలిక. ఆంధ్రప్రదేశ్ షెడ్యూల్డ్ కులాల జాబితాలో పంబల అన్నది ఒక పేరు. తోలు ముట్టినందుకు దూరం పెట్టిన ఊళ్లే జాతరరోజు ఆ వాద్యం లేనిదే అమ్మవారిని కదిలించవు. బడిలో ఏ ఇంటి బిడ్డయినా పంబ కట్టుకుంటే కులం ముడి కొంత వదులవుతుంది. అయితే నేర్పే పని ఎవరికిస్తారు? డిగ్రీ అడిగితే తరతరాలుగా వాయిస్తున్నవారు గుమ్మం దగ్గరే ఆగిపోతారు. వారిని పిలిచి, గంటకింతని జీతమిచ్చి, న్యాయనిర్ణేతల బల్ల దగ్గరా ఒక కుర్చీ వేయాలి. శిరసు ఊరేగే వేళకు బడులకు ఎలాగూ వేసవి సెలవులే. నేర్చుకునే పిల్లలు కైసిలంబు పట్టుకుని ఆ రోజంతా మేళం వెనక నడవొచ్చు, కాలం ఎప్పుడు పెంచాలో అక్కడే తెలుస్తుంది.