ఓవెన్ కవితలో లేని మనిషి

విల్‌ఫ్రెడ్ ఓవెన్ రాసిన 'డుల్సే ఎట్ డెకోరమ్ ఎస్ట్' కవితను మనలో చాలామంది కళాశాలలో ఇంగ్లీషు పాఠంగానే చదివాం. మొదటి ప్రపంచయుద్ధంలో గాయపడిన మనసుతో, 1917లో, ఎడింబరోలోని సైనికాసుపత్రిలో ఉండగా రాశాడు. 1918 నవంబరు 4న, యుద్ధం ముగియడానికి వారం ముందు, ఫ్రాన్సులో చనిపోయాడు. కవిత 1920లో అచ్చయింది. దీన్ని కరుణరసానికి ఉదాహరణగా చెప్పడం అలవాటు. నాకు మాత్రం ఇందులో నేరారోపణే ఎక్కువగా వినిపిస్తుంది.

విషవాయువు కమ్మినప్పుడు వేళకు ముసుగు తొడుక్కోలేకపోయిన సైనికుణ్ణి, కవి తన ముసుగు అద్దంలోంచి చూస్తాడు. పచ్చని సముద్రంలో మునిగిపోతున్నట్టు కనిపిస్తాడతను. దీన్ని ఉపమాలంకారమని సరిపెట్టుకోలేం. క్లోరిన్ పీల్చినవాడి ఊపిరితిత్తుల్లో ద్రవం నిండుతుంది. పొడినేల మీదే మునిగి చస్తాడు. వెంటనే క్రియలు భూతకాలం వదిలి వర్తమానంలోకి వస్తాయి. ఆ చావును చూడడం కవికింకా ముగియలేదన్నమాట. చివరి భాగమంతా ఒకే వాక్యం. దేశం కోసం చావడం తియ్యనిదన్న రోమన్ కవి హోరేస్ మాటను పిల్లలకు నూరిపోసేవాళ్ళను అది నిలదీస్తుంది.

ఆ విషం ఎవరు వదిలారో కవి చెప్పడు. అది ఈ కవితకు బలమే. 1915 ఏప్రిల్ 22న బెల్జియంలోని ఈప్ర్ దగ్గర జర్మనీ 150 టన్నులకు పైగా క్లోరిన్ వదిలింది. సెప్టెంబరులో లూస్ దగ్గర బ్రిటనూ అదే పని చేసింది. 'వాళ్ళే మొదలుపెట్టారు' అనే సమర్థనకు ఇక్కడ చోటు లేదు.

అయితే, తయారుచేసినవాడికీ చోటు లేదు. ఈప్ర్ దాడిని దగ్గరుండి నడిపించిన రసాయన శాస్త్రజ్ఞుడు ఫ్రిట్స్ హాబర్‌కు, ఎరువులకు ఆధారమైన అమ్మోనియా తయారీ పద్ధతికిగాను 1918 సంవత్సరపు నోబెల్ బహుమతి వచ్చింది. 1899 నాటి హేగ్ ప్రకటన విషవాయువు చిమ్మే గుండ్లను నిషేధించింది. ఈప్ర్ దగ్గర జర్మన్లు సిలిండర్లు వాడారు. హోరేస్ మాటను దులిపేసిన ఓవెన్‌కు, ఒప్పందాల మాటల్లోని ఈ సందు కూడా తగిన కావ్యవస్తువే అయ్యేది.

కందకంలోని సైనికుడికి ప్రయోగశాల కనిపించదు, అందుకు ఓవెన్‌ను తప్పుపట్టను. చట్టం చూపూ చాలాకాలం అంతే. 1925 నాటి జెనీవా ఒప్పందం రసాయన, జీవాయుధాల వాడకాన్ని నిషేధించింది. తయారీని, నిల్వను ముట్టుకోలేదు. అందుకు జీవాయుధాల విషయంలో 1972 దాకా, రసాయనాయుధాల విషయంలో 1993 దాకా ఆగవలసివచ్చింది. మన దేశమూ 1997లో తన రసాయనాయుధాల నిల్వలను ప్రకటించి, 2009లో వాటి ధ్వంసం పూర్తిచేసింది.

కాబట్టి ఈ పాఠం చెప్పే అధ్యాపకులకు నా మనవి ఒకటే. ఓవెన్ కవిత చెప్పిన రోజునే హాబర్ కథ కూడా చెప్పండి. పిల్లలు ప్రశ్నలు వాళ్ళే వేస్తారు.