వాదన దొరుకుతుంది, పాట దొరకదు

చెవితో నేర్చుకుని గొంతులో దాచుకునే విద్యకు పత్రిక ఎందుకని నాకు చాలాకాలం అనుమానంగా ఉండేది. మద్రాసు మ్యూజిక్ అకాడమీ జర్నల్ పాత సంపుటాలు తిరగేయడం అలవాటయ్యాక కూడా ఆ అనుమానం పూర్తిగా తీరలేదు. కానీ పొద్దున సాధన అయ్యాక తంబురా గోడకు ఆనించి ఒక సంపుటం తెరిస్తే, మధ్యాహ్నం దాకా లేవబుద్ధి కాదు.

1927 డిసెంబరులో మద్రాసులో కాంగ్రెస్ మహాసభలు జరిగాయి. వాటితోపాటే అఖిల భారత సంగీత సమావేశం కూడా పెట్టారు. అకాడమీ ఆలోచన అందులోంచి వచ్చింది. 1928 ఆగస్టు 18న సంస్థ ప్రారంభమైంది. మొదటి అధ్యక్షుడు డాక్టర్ యు. రామారావు వైద్యుడు. 1930లో త్రైమాసికంగా మొదలైన జర్నల్‌కు తొలినాళ్లలో సంపాదకత్వం వహించిన టి.వి. సుబ్బారావు న్యాయవాది. పత్రిక నడిపిన తీరు చూస్తే వకీలు చెయ్యి కనబడుతుంది. ఎవరేమన్నా, దానికి ఆధారమేమిటని అడగడం అందులో రివాజు.

తర్వాత దశాబ్దాల తరబడి ఆ బరువు మోసినవారు వి. రాఘవన్. మద్రాసు విశ్వవిద్యాలయంలో సంస్కృతాచార్యులు, 1944 నుంచి 1979లో కన్నుమూసేదాకా అకాడమీ కార్యదర్శి. ఇరవై అయిదేళ్లు కూడా నిండకముందే, 1932లో, తొలినాటి సంగీత శాస్త్రకారుల మీద ఈ జర్నల్లోనే పెద్ద వ్యాసం రాశారు. తాళపత్రాల్లో ఉండిపోయిన పేర్లను ఒక్కొక్కటిగా పైకి తీసి, ఎవరు ముందో ఎవరు వెనకో తేల్చిన వ్యాసం. అది చదవడానికి ఓపిక కావాలి. నాకు అన్నిసార్లూ ఉండదు, నిజం చెప్పాలంటే.

నేను ఆగిపోయేది మరోచోట. ఏటా డిసెంబరు సదస్సుల్లో పొద్దుటిపూట నిపుణుల సమావేశాలు జరిగేవి. రాగ లక్షణాల మీద విద్వాంసులు కూర్చుని వాదించుకునేవారు. ఈ ధైవతం ఏది, ఆ ప్రయోగం ఏ కృతిలో ఉంది, మీ పాఠం ఎవరి దగ్గరిది? ఆ వాదనల నివేదికలను జర్నల్ అచ్చువేసింది. ఏకాభిప్రాయం కుదరకపోతే కుదరలేదనే రాసింది. శాస్త్ర గ్రంథం ఒకటి చెబుతుంటే, పాడేవాడి గొంతు ఇంకొకటి చెబుతుంటుంది. రెండింటినీ పక్కపక్కన పెట్టి వదిలేయడానికి సంపాదకుడికి ధైర్యం ఉండాలి.

అయితే ఆ నివేదికల్లో ఒక చిక్కుంది. వాదన మంచి పాకాన పడిన సమయానికి, ఫలానా విద్వాంసులు పాడి చూపించారని ఒక వాక్యం వస్తుంది. అంతే, తర్వాతి పేరాలో ఇంకో రాగం. వాళ్ల వాదానికి అసలు సాక్ష్యం ఆ పాటే. అది కాగితం మీదికి రాలేదు. ఆ గమకం ఎంత ఊగిందో, నిషాదం దగ్గర ఎంతసేపు నిలిచారో మనకు ఇక తెలియదు. పైగా తమిళంలోనో తెలుగులోనో మాట్లాడిన పెద్దలను నివేదిక ఎక్కువగా ఇంగ్లీషులోకి దించేసింది. వాళ్ల విసురు, వెటకారం ఎక్కడో జారిపోయాయి.

జర్నల్లో నన్ను బాగా ఇబ్బంది పెట్టిన రచయిత కె.వి. రామచంద్రన్. రాగాలను వర్గీకరించే మేళకర్త పద్ధతిని విమర్శిస్తూ 1938లో ఒక వ్యాసం, త్యాగరాజ కృతుల్లోని అపూర్వ రాగాల మీద 1950లో ఇంకొకటి రాశారాయన. మేళకర్త కొలతల్లో ఇమడని పాత రాగాలకు అన్యాయం జరిగిందనీ, త్యాగరాజ కృతులు కొన్ని మనదాకా వచ్చేసరికి రూపం మారాయనీ ఆయన వాదం. అన్నిటికీ నేను ఒప్పుకోను, కొన్నిచోట్ల ఆయన కోపం ఆధారాలను దాటి పరుగెత్తుతుంది. కానీ త్యాగరాజ కృతి ‘నగుమోము’ సంగతి తీసుకోండి. ఇవాళ ఆభేరి అని అందరం చతుశ్రుతి ధైవతంతో పాడుకుంటున్నాం. ముత్తుస్వామి దీక్షితుల సంప్రదాయంలోని ఆభేరి శుద్ధ ధైవతంతో ఉంటుంది. ఒకే పేరుతో రెండు నడకలు. గురువుగారు చెప్పిన పాఠమే నేను పాడతాను, మార్చను. ఆ ధైవతం దగ్గరకొచ్చినప్పుడల్లా రామచంద్రన్ మాత్రం గుర్తొస్తారు.

ఇందులో తెలుగువాళ్లకు దగ్గరి సంగతి ఇంకోటుంది. వాళ్లు వాదించుకున్న కృతుల్లో సింహభాగం తెలుగువి. సుబ్బరామ దీక్షితులు తన సంగీత గ్రంథం ‘సంగీత సంప్రదాయ ప్రదర్శిని’ని 1904లో ఎట్టయపురంలో తెలుగులోనే అచ్చువేశారు. దాన్ని తమిళంలో సంపుటాలుగా తెచ్చే పనికి అకాడమీ పూనుకుంది. ఇలా తమిళనాట తెలుగు సాహిత్యం మీద ఇంగ్లీషులో చర్చలు నడిచాయి, చదవాల్సిన మనం పక్కన ఉండిపోయాం.

జర్నల్ తర్వాత్తర్వాత త్రైమాసికం లెక్కను సంవత్సరానికొక సంపుటంగా కలిపేసింది. టి.ఎస్. పార్థసారథి, ఆ తర్వాత మన పప్పు వేణుగోపాలరావు దాన్ని నడిపించారు. పాత సంపుటాలు ఇప్పుడు కంప్యూటర్లోనే చదువుకోవచ్చు. 1941లో ద్వారం వెంకటస్వామి నాయుడు, 1974లో రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ, 1983లో శ్రీపాద పినాకపాణి అకాడమీ డిసెంబరు సదస్సులకు అధ్యక్షులు. వాళ్ల ప్రసంగాలను ఎవరైనా ఒకచోట చేర్చి తెలుగులో పుస్తకం వేస్తే, మొదటి ప్రతికి డబ్బు ఇప్పుడే పంపుతాను.