పెద్దరికపు పాత్రలు

రంగస్థలముపై ఒక్కమారైనను నిలిచినవారికి తెలియును, తాను మాటలాడుట కంటె ఎదుటివాడు మాటలాడుచుండగా నిలిచియుండుటయే కష్టమని; అప్పుడు చేతులెక్కడ నుంచవలెనో తోచదు, చూపు ఎటు పోనీయవలెనో తెలియదు, మొగమున ఏదో యొకటి పలికింపవలెనను ఆతురతలో పాత్ర జారిపోయి నటుడు బయటపడును. మన చలనచిత్రములలో క్యారెక్టరు ఆర్టిస్టులని పేరుపడినవారి జీవితమంతయు ఈ కష్టముతోడనే గడచును. ఏలనన, కథానాయకుని దుఃఖము నిజమని ప్రేక్షకుడు నమ్ముట పెక్కుమారులు ఆ దుఃఖమును వినుచున్న తండ్రి మొగమును బట్టియే యుండును. ఈ విద్యలో నేను మొదట తలచుకొను పేరు గుమ్మడి వెంకటేశ్వరరావుగారిది. ఎస్.వి. రంగారావుగారుండగా ఈ మాట సాహసమే యనుడు. కాని రంగారావుగారు తెరపై నిలిచినచో తక్కినవారందరును సహాయపాత్రలైపోవుదురు గనుక, వారి లెక్క వేరు.

తెనాలి ప్రాంతమున రావికంపాడులో 1927లో పుట్టి, 1950లో ‘అదృష్టదీపుడు’తో చిత్రసీమకు వచ్చిన గుమ్మడిగారికి, ఎన్.టి. రామారావుగారి సొంత సంస్థ 1954లో తీసిన ‘తోడుదొంగలు’తో గుర్తింపు వచ్చెను. మరుసటి యేడు పి. పుల్లయ్యగారు ‘అర్ధాంగి’లో జమీందారు పాత్ర నిచ్చిరి. అప్పటికి నటునకు ముప్పదియేండ్లు నిండలేదు. భార్యగా నటించిన శాంతకుమారిగారు వయస్సున పెద్ద. కుమారుడుగా నటించిన అక్కినేని నాగేశ్వరరావుగారు సైతము పెద్దవారే. మొదటి భార్య కొడుకు అమాయకుడై, రెండవ భార్య కొడుకు దుర్వ్యసనపరుడై చెడిపోవుచుండగా ఏమియు చేయలేని ఆ తండ్రిని చూచినవారికి ఈ వయస్సుల తారుమారు తోచనే తోచదు. జుట్టునకు తెల్లరంగు పూయుట మేకప్‌వాని పని. ఎదుటివాని మాటకు వెంటనే బదులీయక, దానిని కొంతసేపు లోపల మోసి, పిమ్మట నోరు విప్పుటయే ఆయన కనిపెట్టిన వార్ధక్యము.

‘మాయాబజార్’ (1957)లోని బలరాముడు ఇంకను చిక్కైన పాత్ర. మాయజూదపు వార్త విని మండిపడుచు హస్తినకు పోయిన ఆ మహాబలుడు, దుర్యోధనుని వంగి వంగి దండములకును శకుని తియ్యని మాటలకును మెత్తబడి, అభిమన్యునకిచ్చెదనన్న శశిరేఖను లక్ష్మణకుమారునకిచ్చుటకు ఒప్పుకొని వచ్చును. ఇచట నటుడు రవ్వంత తూలినను బలరాముడు మందబుద్ధియగును, అప్పుడు కృష్ణుని వినయము నటనగా తేలిపోవును. రవ్వంత బిగిసినచో ప్రతినాయకుడగును, అప్పుడు హాస్యమంతయు చెడును. గుమ్మడిగారు ఆ రెంటికి నడుమ, కోపమెంత త్వరగా వచ్చునో ప్రసన్నత యంత త్వరగా వచ్చు ఒక ఇంటిపెద్దను నిలిపిరి. మన మేనమామలలోను పెదనాన్నలలోను ఇట్టివారిని ఎరుగని తెలుగువాడుండడు. తమ్ముడు కృష్ణుడుగా నిలిచిన రామారావుగారు ఈ అన్నగారి కంటె నాలుగేండ్లు పెద్ద!

ఈ జాతి నటుని పాత్ర పేరే చిత్రమునకు పేరగుట అరుదు. 1962లో కమలాకర కామేశ్వరరావుగారు తీసిన ‘మహామంత్రి తిమ్మరుసు’లో రాయలవారు రామారావుగారు, వారు ‘అప్పాజీ’ యని పిలుచు మంత్రి గుమ్మడిగారు. ఇతరుల మాటలను కన్నులతో వినుటయే ప్రధానసాధనముగా పెంచుకొన్న ఈ నటునకు, కథయే ఆ కన్నులను లాగివేసినది. మిథ్యానిందకు గురియై చూపు పోగొట్టుకొన్న పిమ్మట ఆయనకు మిగిలినది కంఠము మాత్రమే. తొందరపడని, ప్రతి యక్షరమును తూచి వదలు ఆ కంఠము చాలినది. నా మట్టుకు ఆయన సుమారు 500 చిత్రములలో దీనికి మించినది లేదు.

అయితే ఈ వృత్తికి శాపము కూడ ఒకటి కలదు. ముప్పదికి ముందే తండ్రియైనవానికి తిరిగి యువకుడగు దారి మూసికొనిపోవును. నిర్మాతకు ఒకమారు పనికివచ్చినది వందమార్లు పనికివచ్చును. కుమార్తె పెండ్లి చెడినను, ఆస్తి పోయినను గుండె పట్టుకొని కుర్చీలో కూలబడు తండ్రి యనగానే గుమ్మడిగారు గుర్తునకు వచ్చి నవ్వుకొనుట మనకలవాటైనది. ఆ నవ్వులో తప్పు నటునిది కాదు, ఒకే సన్నివేశమును దశాబ్దములపాటు మరల మరల వ్రాసినవారిది. మంచి పాత్ర దొరికినప్పుడు వయస్సు మీరినను ఆయనేమి చేయగలరో 1991లో బాపు రమణల ‘పెళ్లి పుస్తకం’ చూపినది. ప్రభుత్వము 1977లో పద్మశ్రీ నిచ్చినది. నన్నడిగిన అది ఆలస్యమే.

ఆయన 2010 జనవరి 26న కన్నుమూసిరి; రంగులద్దిన ‘మాయాబజార్’ ఆ నెల 30న విడుదలయ్యెను. ఈమారు టీవీలో ఆ చిత్రము వచ్చినప్పుడు, కృష్ణుడు మాటలాడుచుండగా రెండు నిముషములు ఆయనను విడిచి బలరాముని మొగము చూడుడు.