ప్రియదర్శిని పెట్టెలో మన ముఖము

విజయా సంస్థ నిర్మించిన ‘మాయాబజార్’ 1957 మార్చిలో విడుదలైనది. దర్శకులు కె.వి. రెడ్డి గారు, మాటలు, పాటలు పింగళి నాగేంద్రరావు గారివి. మన ఆలయ సాయంకాల తరగతిలో ఈ చిత్రమును ఏటా ఒకసారి చూపుతూ వస్తున్నాము. పిల్లలు ఘటోత్కచుని విందు చూసి నవ్వుతారు. పెద్దలు సావిత్రి గారి నటన చూసి మురిసిపోతారు. ఇన్నిమార్లు చూసిన పిమ్మట మాకు ఒక విషయము స్పష్టమైనది. భారతదేశములో టెలివిజన్ ప్రసారాలు మొదలైనది 1959లో. మన దక్షిణాఫ్రికాకు టెలివిజన్ వచ్చినది 1976లో. అంతకు ముందే, ఇంటింటా తెర వెలిగిన నాడు మనకేమి కాగలదో ఈ పౌరాణిక చిత్రము హాస్యముగా చెప్పి ఉంచినది.

ఆ మాట ప్రియదర్శిని అను పెట్టెలో ఉన్నది. ఆ పెట్టె మూత తెరిచి చూసినవారికి తమకు అత్యంత ప్రియమైనది కనిపిస్తుంది. శశిరేఖకు అభిమన్యుడు కనిపిస్తాడు. బలరామునికి దుర్యోధనుడు కనిపిస్తాడు. రేవతీదేవికి కనిపించేవి నగలు. కృష్ణుని కంటికి కనిపించినవాడు శకుని. పెట్టె ఒక్కటే, లోపలి దృశ్యము మాత్రము చూసేవారిని బట్టి మారుతుంది. మొదటిసారి చూసే పిల్లలకు ఇది వింతగా తోచదు. తమ చేతిలోని ఫోను కూడా అటువంటిదే కదా అంటారు. వారి మాట నిజమే. ఎవరికి ఏది ఇష్టమో కనిపెట్టి దానినే మరల మరల చూపుట నేటి తెరలకు అలవాటైన విద్య.

అయితే చిత్రము అంతటితో ఆగలేదు. బలరాముడు మంచివాడు, కానీ శిష్యుని మీది ప్రేమ అతని కన్ను కప్పినది. రేవతి చెడ్డ తల్లి కాదు, కానీ సంపద మీద ఆశ ఆమెను నడిపినది. అభిమన్యునికి ఇచ్చిన మాట తప్పి కూతురిని లక్ష్మణకుమారునికి కట్టబెట్టుటకు సిద్ధపడిన ఆ దంపతుల పొరపాటు అంతా పెట్టెలో వారు చూసిన ఆ రెండు దృశ్యాలలోనే ఉన్నది. పెట్టె వారికి అబద్ధము చూపలేదు. వారి కోరికను వారికే చూపినది. దానిని వారు హెచ్చరికగా తీసుకొనలేదు, ముచ్చటపడి మూత వేశారు. తెర ముందు కూర్చున్న మనము చేసే పని కూడా తరచుగా ఇదే.

ఇక మన ప్రియదర్శినిలో మనము ఏమి చూశామో చెప్పుకొనవలెను. 1860 నవంబరులో ‘ట్రూరో’ అను ఓడ మద్రాసు నుండి ఒప్పంద కూలీలను తెచ్చి నేటాల్ రేవులో దింపినది. 1911 వరకు ఓడలు వస్తూనే ఉన్నవి. ఆ విధముగా లక్షా యాభై వేలకు పైగా జనము ఈ తీరము చేరినారు. వారిలో తెలుగువారు విశాఖపట్నము, గంజాము, గోదావరి మొదలగు జిల్లాల పల్లెలవారు. చెరకు తోటలలో పని చేస్తూ వారు నిలుపుకొన్న తెలుగు ఆ పల్లెల తెలుగు. మా బాల్యములో డర్బన్ నగరపు గ్రే వీధి పరిసరాల సినిమాహాళ్ళలో మేము చూసినవి ఎక్కువగా హిందీ, తమిళ చిత్రాలే. తెలుగు చిత్రములు మాకు దగ్గరైనది వీడియో క్యాసెట్ల కాలములో. అప్పటికి మేము సాయంకాల తరగతిలో వాచకము పట్టి అక్షరాలు దిద్దుకొంటున్నాము. తెరమీది ఆ చక్కని తెలుగు వినగానే, మన భాష ఎంత గొప్పదో కదా అని గుండె పొంగినది.

ఆ పొంగులో మేము ఒక తప్పు చేశాము. మా అవ్వ తెలుగు వేరుగా ఉండేది. ఆమె “బువ్వ తినీసినావా?” అని అడిగేది. వెళ్ళిపోయిన మనిషిని గురించి “ఎల్లిపోనాడు” అనేది. మేము వాచకమును, క్యాసెట్టును ప్రమాణముగా పెట్టుకొని ఆమెను దిద్దినాము. “బువ్వ కాదు అవ్వా, అన్నం అనాలి. తినీసినావా కాదు, తిన్నావా అనాలి” అని చెప్పినాము. ఆమె కోపపడలేదు. ఒకటి రెండు మార్లు మేము చెప్పినట్లే అనబోయి, నోరు తిరగక నవ్వి ఊరుకొన్నది. కొన్నాళ్ళకు మాతో తెలుగు మాట్లాడుట తగ్గించినది. విరిగిన ఇంగ్లీషులోనే పిలిచేది, పెట్టేది, పంపేది. అది మేము గమనించినది ఆమె పోయిన తరువాత. ఆమెతోపాటు ఎన్ని మాటలు పోయినవో లెక్క చెప్పగలవారు మా ఇంట ఎవరూ మిగలలేదు.

ఈ తప్పులో తెరకు భాగము లేదని అనలేము. చిరకాలము తెలుగు చిత్రసీమ నాయకునికి ఒక తెలుగు, నౌకరుకు మరొక తెలుగు ఇచ్చినది. ఉత్తరాంధ్ర యాసను నవ్వించే పాత్రలకు, తెలంగాణ యాసను ప్రతినాయకులకు, హాస్యగాళ్ళకు కేటాయించుట ఎన్నో చిత్రాలలో చూశాము. ఒకసారి చూస్తే అది హాస్యము. నూరుసార్లు చూస్తే, ఆ యాస మాట్లాడేవారు నవ్వదగినవారని మనసులో నాటుకొనిపోతుంది. ఈ పాఠమును ఎవరూ పాఠముగా చెప్పరు గనుకనే అది గట్టిగా నిలుస్తుంది. మేము అవ్వను దిద్దిన నాడు ఏ నటుడూ మా పక్కన నిలబడి దిద్దమని చెప్పలేదు. అయినను ఆ తీర్పు మాది మాత్రమే కాదు.

మేము ప్రమాణముగా పెట్టుకొన్న క్యాసెట్లలో ‘మాయాబజార్’ కూడా ఉన్నది. ఆ చిత్రము మాత్రము మా పక్షమున లేదని తెలుసుకొనుటకు మాకు ఎన్నో ఏళ్ళు పట్టినది. ఘటోత్కచుని కొలువులో శిష్యులకు సంస్కృత పదాలు నోరు తిరగవు. ‘అస్మదీయులు’ అనవలసిన చోట ‘అసమదీయులు’ అనే మాట పుడుతుంది, దానికి జోడుగా ‘తసమదీయులు’ వస్తుంది. పండితుడైతే బెత్తము తీసేవాడు. ఘటోత్కచుడు మెచ్చుకొని బహుమానము ఇప్పిస్తాడు. మాటలనేవి ఎవరో ఒకరు పుట్టిస్తేనే పుడతాయని అతని సిద్ధాంతము. ఆ తప్పు మాటను అరవై ఏళ్ళు దాటినా తెలుగువారు ఇష్టముగా వాడుకొంటూనే ఉన్నారు. ఆ దృశ్యమునకు మేము కడుపుబ్బ నవ్వినాము, ఆ సాయంకాలమే అవ్వను దిద్దినాము. చిత్రము చెప్పినది వేరు, మేము నేర్చుకొన్నది వేరు. చూచుటకును, చదువుకొనుటకును గల భేదము ఇదే.

మరొక సంగతి తరగతిలో ఒక బాలిక పట్టినది. ఇది పాండవుల ఇంటి పెండ్లి కథ గదా, మరి ధర్మరాజు, భీముడు, అర్జునుడు ఎక్కడ అని అడిగినది. నిజమే. ఐదుగురిలో ఒక్కరూ తెరపై కనిపించరు. వారు రాజ్యము పోగొట్టుకొని ఉన్నారు. అయినను కథ అంతా వారి చుట్టే తిరుగుతుంది. ఆ ప్రశ్న విన్న తరువాత మాకు తోటలలో బ్రతికిన మా పెద్దలు గుర్తుకు వచ్చినారు. వారిని ఏ తెలుగు చిత్రములోను మేము చూడలేదు. కనిపించనివారు లేనివారు కారని పిల్లలకు చెప్పుటకు అంతకంటె మంచి ఉదాహరణ మాకు దొరకలేదు.

కాలము కొంత మారినదని కూడా న్యాయముగా చెప్పవలెను. 2017లో వచ్చిన ‘ఫిదా’లో కథానాయికయే తెలంగాణ తెలుగు మాట్లాడినది. 2018లో వెంకటేష్ మహా దర్శకత్వములో వచ్చిన ‘కేరాఫ్ కంచరపాలెం’ విశాఖపట్నములోని ఒక పేట కథ. నటులలో చాలామంది ఆ పేట మనుషులే. దానిలో లోపాలు లేకపోలేదు. కొన్ని ఘట్టాలు సాగినట్లు తోస్తాయి, కొత్త నటుల తడబాటు అక్కడక్కడ తెలుస్తుంది. కానీ అక్కడ యాస నవ్వు కొరకు పెట్టినది కాదు. ప్రేమించేవారు, ఏడ్చేవారు, దేవుని నిలదీసేవారు అందరూ ఆ తెలుగులోనే మాట్లాడుతారు. ఆ చిత్రము చూపిన నాడు మేము వెనుక వరుసలో కూర్చున్నాము. ఒక పాత్ర వాక్యము ముగించిన తీరు విని, కొద్దిసేపు చీకటిలో తల వంచుకొన్నాము. అది అవ్వ గొంతు వంటి గొంతు.

ధారావాహికలు చూస్తే పిల్లలకు తెలుగు వచ్చును గదా అని కొందరు తల్లిదండ్రులు మమ్ములను అడుగుతారు. చెవికి అలవాటగును, అది మేలే. చిత్రముల వలననే మాకు తెలుగు మీద ప్రేమ కలిగినదని ముందే ఒప్పుకొన్నాము. కానీ టెలివిజన్ మాట్లాడుతుంది, వినదు. బిడ్డ తప్పుగా పలికినా, ఒప్పుగా పలికినా, అసలు పలకకపోయినా దానికి ఒక్కటే. ప్రియదర్శినిలోనైనా శశిరేఖ, అభిమన్యుడు ఒకరినొకరు చూచుకొని పాడుకొన్నారు. అడుగున వచ్చే ఇంగ్లీషు అక్షరాలు చదువుకొంటూ మౌనముగా చూసే బిడ్డకు కథ తెలుస్తుంది, భాష నోటికి రాదు.

‘మాయాబజార్’లో మరొక వస్తువు ఉన్నది, సత్యపీఠము. దాని మీద నిలిచినవాడు మనసులోని నిజము బయటపెట్టక తప్పదు. చివరకు శకుని కుట్ర అంతా అతని నోటనే వెలికివచ్చినది దాని మీదనే. ఒకే కథలో ఈ రెండు వస్తువులను పెట్టుట కాకతాళీయమని మేము అనుకొనము. ఇష్టమైనది చూపే పెట్టె ఇంటిలో ఉన్నప్పుడు, నిజము పలికించే పీఠము కూడా ఉండవలెను. మన ఇండ్లలో ఆ పని ప్రశ్నలే చేయగలవు. చిత్రము ముగిసిన పిమ్మట పిల్లలను మూడు ప్రశ్నలు అడగండి. ఇందులో ఎవరి మాట విని మనము నవ్వినాము, ఎందుకు నవ్వినాము? మన ఇంటివారి వలె మాట్లాడినవారు ఎవరైనా ఉన్నారా? ఈ కథలో ఉండవలసి ఉండియు కనిపించనివారు ఎవరు?

నాలుగవ ప్రశ్న పిల్లలకు కాదు, ఇంటిలోని పెద్దలకు. మీ అవ్వ, తాత ఈ మాటను ఏమనేవారు అని అడగండి. వారు చెప్పినది ఎట్లున్నను దిద్దకండి. ఆ మాటను అట్లే వ్రాసి తరగతికి పంపండి. అందుకొరకు ఒక నోటు పుస్తకము పెట్టినాము. మొదటి పుటలో ఇప్పటికి రెండే మాటలు ఉన్నవి. ఒకటి ‘బువ్వ’, రెండవది ‘ఎల్లిపోనాడు’.