చిక్కుడు కాడలో గింజలు

కథ చెప్పడంలో ఏది చెప్పాలన్నది పెద్ద సమస్య కాదు. ఏది వదలకూడదన్నదే సమస్య. ఆదివారాలు మా పేటలోని పిల్లల గ్రంథాలయంలో కథలు చెబుతుంటాను. కొన్నాళ్లుగా ఇంగ్లండు తూర్పు తీరం కథల్లో పడ్డాను: సఫోక్, నార్ఫోక్ అనే రెండు పక్కపక్క జిల్లాలవి. అక్కడి కథలు తిప్పితిప్పి చదివేకొద్దీ ఒక సంగతి గట్టిపడుతూ వస్తోంది. కథకు ఏ మాత్రం పనికిరానట్టు కనిపించే ముక్కే దాన్ని నిలబెడుతుంది.

సఫోక్‌లో వుల్‌పిట్ అని ఒక ఊరుంది. తోడేళ్లను పట్టడానికి తవ్విన గుంతల వల్ల వచ్చిన పేరు అది. పన్నెండో శతాబ్దంలో ఆ గుంతల దగ్గర ఊరివాళ్లకు ఇద్దరు పిల్లలు దొరికారట. అక్కాతమ్ముళ్లో అన్నాచెల్లెళ్లో గానీ ఒంటి రంగు మాత్రం ఆకుపచ్చ. వాళ్ల మాట ఎవరికీ అర్థం కాలేదు. ఆకలితో నకనకలాడుతున్నా ఏం పెట్టినా ముట్టలేదు. చివరికి పొలం నుంచి కాడలతో సహా కోసుకొచ్చిన చిక్కుళ్లు కనిపిస్తే ఆత్రంగా లాక్కున్నారు. లాక్కుని కాయలు ఒలవలేదు. కాడలు చీల్చారు. కాడ లోపల బోలుగా ఉంటుంది కదా, అందులో గింజలుంటాయనుకున్నారు. లేకపోయేసరికి ఏడ్చారు. ఎవరో కాయ ఒలిచి చూపించాక గానీ తినలేదు.

తర్వాత అబ్బాయి చనిపోయాడు. అమ్మాయి మామూలు తిండికి అలవాటుపడి, పచ్చరంగు పోగొట్టుకుని, పెరిగి పెద్దదైంది. తాము సెయింట్ మార్టిన్ దేశం నుంచి వచ్చామని, అక్కడ ఎండే ఉండదని చెప్పిందట.

దీన్ని ఇద్దరు రాశారు. ఒకరు పక్క జిల్లా ఎసెక్స్‌లోని కాగ్‌షాల్ మఠం పెద్ద రాల్ఫ్. ఆ పిల్లలను ఇంట్లో పెట్టుకున్న రిచర్డ్ డి కాల్న్ అనే దొరే, ఆయన ఇంటివాళ్లే ఈ సంగతి చెప్పారంటాడు. రెండోవారు ఎక్కడో ఉత్తరాన యార్క్‌షైర్‌లో ఉన్న న్యూబర్గ్ విలియం. ఈయన చాలాకాలం నమ్మలేదు. చెప్పేవాళ్లు మరీ ఎక్కువమంది, అందులోనూ పెద్దమనుషులు కావడంతో తప్పక రాస్తున్నానన్నాడు. నమ్మకం లేకపోయినా కలం కదిలించాల్సి వచ్చిన ఆయన ఇబ్బంది నాకు భలే ఇష్టం. ఇద్దరి రాతల్లో తేడాలున్నాయి. పిల్లలు గుహలోంచి నడిచొచ్చారని రాల్ఫ్ అంటాడు. పశువులు మేపుతుంటే గంటల చప్పుడు వినపడిందని, ఆ తర్వాత కళ్లు తెరిస్తే పొలంలో ఉన్నారని విలియం అంటాడు. పెద్దయ్యాక అమ్మాయి సంగతిలోనూ ఇద్దరికీ పొత్తు కుదరదు. చిక్కుడు కాడల దగ్గర మాత్రం ఇద్దరూ కలుస్తారు.

మన కాలంలో దీనికి బోలెడు వివరణలు పుట్టాయి. ఆ పిల్లలు ఫ్లాండర్స్ నుంచి వలసొచ్చిన నేతవాళ్ల అనాథలని, రక్తహీనతతో ఒళ్లు పచ్చబారిందని ఒకటి. కావచ్చు. కానీ ఈ వివరణలకు ఒక చమత్కారం ఉంది: తమకు సరిపడే ముక్కలు ఏరుకుని, మిగతావి చాప కింద తోసేస్తాయి. చిక్కుడు కాయ ఎలా ఉంటుందో ఏ దేశపు నేతవాడి పిల్లలకు తెలియదు? మా గ్రంథాలయంలో ఈ కథ చెప్పినప్పుడు పచ్చటి ఒళ్లు విని ఎవరూ పెద్దగా చలించలేదు, సినిమాల్లో అలాంటివి చాలా చూశారు. కాడలు చీల్చారనగానే ఒక రైతు బిడ్డ ఉలిక్కిపడింది. “అదేంటి మాష్టారూ, కాయ తెలీదా వాళ్లకి?” అంది. ఆ క్షణం నుంచి ఆ పిల్లలు తనకు నిజం.

రాల్ఫ్ పుస్తకంలోనే ఓర్‌ఫర్డ్ సముద్రపు మనిషి కూడా ఉన్నాడు. రెండో హెన్రీ కాలంలో జాలర్ల వలలో పడ్డాడు. ఒంటినిండా వెంట్రుకలు, పొడుగు గడ్డం. కోటలో కట్టిపెట్టారు. మాట్లాడించాలని తలకిందులుగా వేలాడదీసి హింసించినా నోరు విప్పలేదు. పచ్చి చేప ఇస్తే రెండు చేతుల మధ్య పెట్టి, తడంతా పోయేదాకా పిండి, అప్పుడు తినేవాడట. పొద్దు గుంకగానే పడుకునేవాడు. ఒకసారి మూడు వరసల వలలు అడ్డం కట్టి సముద్రంలోకి వదిలితే, వలల కిందనుంచి మునిగి అవతల తేలి, ఒడ్డున ఉన్నవాళ్లను ఎగతాళి చేసినట్టు ఆడాడు. ఆపైన తనంతట తానే తిరిగొచ్చాడు! హింసించిన చోటికే. కొన్నాళ్లుండి, ఎవరూ చూడనప్పుడు వెళ్లిపోయాడు. ఎందుకొచ్చాడో రాల్ఫ్ చెప్పడు. అడిగితే నేనూ చెప్పను. ఇలాంటిచోట కారణం కల్పించే కథకుడి మీద నాకు గౌరవం ఉండదు.

నల్లకుక్క కథ ఇంకో రకం. 1577 ఆగస్టు 4, ఆదివారం. బంగే చర్చిలో ప్రార్థన జరుగుతుండగా పెద్ద గాలివాన, ఉరుములు, మెరుపులు. చర్చి లెక్కల్లో ఉన్నది ఇంతే: గంటల గోపురంలో ఇద్దరు చనిపోయారు. ఆ కాగితాల్లో కుక్క లేదు. లండన్‌లో అబ్రహాం ఫ్లెమింగ్ అనే ఆయన అచ్చేయించిన కరపత్రంలోకి వచ్చేసరికి మెరుపుతో పాటు నల్లకుక్క చర్చిలో దూరింది, మోకాళ్ల మీదున్న ఇద్దరి మెడలు విరిచింది. మూడోవాడిని తాకితే వాడు చావలేదు గానీ, నిప్పులో పడ్డ తోలులా, తాడు లాగిన సంచి మూతిలా ముడుచుకుపోయాడట. పిడుగుపాటు చూసినవాళ్లెవరో చెప్పిన మాటే అయ్యుండాలి అది. కుక్క కల్పన, ముడుచుకున్న ఒళ్లు కాదు. అదేరోజు బ్లైత్‌బర్గ్ చర్చికీ కుక్క వెళ్లిందని రాశాడు. ఆ చర్చి తలుపు మీద కాలిన మచ్చలు కుక్క గోళ్లవని ఇప్పటికీ చూపిస్తారు. బంగే ఊరి చిహ్నంలోకి కూడా కుక్క ఎక్కేసింది.

ఇక టామ్ టిట్ టాట్. ఇది రాజుల కాలపు గ్రంథాల్లోది కాదు, ఒక ముసలి దాది నోటి నుంచి సఫోక్ యాసలోనే పత్రికకెక్కినది. ఎడ్వర్డ్ క్లాడ్ దాన్ని పట్టుకుని 1898లో ఒక పుస్తకమే రాశాడు. అంతకుముందే, 1890లో, ఆస్ట్రేలియాలో పుట్టిన జోసెఫ్ జేకబ్స్ తన ఇంగ్లీషు కథల సంపుటిని దీనితోనే మొదలుపెట్టాడు. తల్లి కాల్చిన అయిదు పై రొట్టెలూ కూతురు ఒక్కతే తినేస్తుంది. తల్లి రాట్నం దగ్గర కూర్చుని, నా కూతురు అయిదు రొట్టెలు తినేసిందని రాగం తీస్తుంది. వీధిలో పోతున్న రాజు ఆగి ఏం పాడుతున్నావని అడిగితే సిగ్గుపడి, అయిదు చిలపల నూలు వడికిందని మార్చేస్తుంది. అంతే, రాజు పెళ్లాడతాడు. పదకొండు నెలలు రాజభోగం, పన్నెండో నెల రోజుకు అయిదు చిలపలు వడకాలి, లేదా తల తెగుతుంది. అప్పుడు తోక ఉన్న ఒక చిన్న నల్లటిది వచ్చి నేను వడుకుతానంటుంది, నెల తిరిగేలోగా నా పేరు చెప్పకపోతే నువ్వు నాదానివంటుంది.

గ్రిమ్ సోదరుల జర్మన్ కథ తెలిసినవాళ్లకు ఇది చుట్టమని వెంటనే తెలుస్తుంది. అక్కడ గడ్డిని బంగారంగా వడుకుతారు. సఫోక్‌లో ఉత్త అవిసెనార, నూలు, ఆకలి. పేరు ఆమె తప్పు చెప్పిన కొద్దీ ఆ నల్లటిది తోకను గిరగిరా తిప్పుతుంది. రాజు సాయంత్రం భోజనానికి కూర్చుని, నిన్ను చంపాల్సిన పని పడేలా లేదని తీరిగ్గా చెబుతూ, ఈరోజు వేటలో పాత సుద్ద గుంతలో తోకాడిస్తూ, తన పేరు పాడుకుంటూ వడుకుతున్న ఒక వింతజీవి కనిపించిందంటాడు. పెళ్లాం ప్రాణం ఆ కబురులోనే ఉంది, చెప్పే మహానుభావుడికి ఆ ధ్యాసే లేదు. ఈ భోజనం సీను చెప్పేటప్పుడు గొంతు మార్చకూడదు, మామూలుగా మెతుకులు నములుతున్నట్టే చెప్పాలి. బెదిరింపు దానంతటదే పనిచేస్తుంది.

నేను చెప్పని కథ కూడా ఒకటుంది. సఫోక్ తీరంలో డన్‌విచ్ అనే పట్నం సముద్రంలో కలిసిపోయింది. తుఫాను రాత్రుల్లో నీటి కింద చర్చి గంటలు మోగుతాయంటారు. ఇలాంటి గంటలు చాలా తీరాల్లో మోగుతూనే ఉన్నాయి, డన్‌విచ్‌వని గుర్తుపట్టే గుర్తేమీ వాటిలో లేదు. 1286 తుఫాను దెబ్బ, 1904 నుంచి 1919 దాకా కొండచరియ మీంచి ముక్కలుగా రాలిన ఆల్ సెయింట్స్ చర్చి, వీటి ముందు ఆ గంటలు వెలవెలబోతాయి.

నార్ఫోక్‌లోని స్వాఫం మూటవర్తకుడి కథ కూడా ప్రపంచమంతా తిరిగిందే. కలలో పిలుపు విని దూరపట్నం వెళ్లినవాడికి తన పెరట్లోనే నిధి ఉందని తెలిసే కథ రూమీ మస్నవీలోనూ ఉంది, అందులో బాగ్దాదువాడు కైరో వెళ్తాడు. స్వాఫంలో మాత్రం అతనికి పేరుంది: జాన్ చాప్‌మన్. పదిహేనో శతాబ్దంలో ఆ పేరుగల చర్చి పెద్ద నిజంగానే చర్చి ఉత్తరపు వసారాకు డబ్బిచ్చాడు. మూట, కుక్కతో అతని బొమ్మ అక్కడి బల్లల మీద చెక్కి ఉంది. లండన్ వంతెన మీద రోజులతరబడి నిలబడితే ఒక దుకాణదారు నవ్వి, కలల్ని నమ్ముతావా, నాకూ స్వాఫంలో ఒక మూటవాడి పెరట్లో నిధి ఉన్నట్టు కలొచ్చిందంటాడు. ఇతను ఇంటికెళ్లి తవ్వుతాడు. దొరికిన కుండ మీద లాటిన్ రాతలు. చదవడం రాక కిటికీలో పెడితే, దారినపోయే కుర్రాళ్లు చదివి, దీని కింద ఇంకో పెద్ద కుండ ఉందట అని చెప్పిపోతారు.

ఇది చెప్పిన రోజు పిల్లలకు కలా పట్టలేదు, లాటినూ పట్టలేదు. అసలు చోటు చెప్పిన ఆ దుకాణదారుకు వాటా ఇచ్చాడా లేదా అని తగువు పడ్డారు. సగం ఇవ్వాలని ఒక జట్టు, అతను కలను నమ్మలేదు కాబట్టి పైసా ఇవ్వక్కర్లేదని ఒక జట్టు. తలుపులు వేసే వేళయినా తెగలేదు. వచ్చే ఆదివారం ముందు అదే తేల్చాలట, కొత్త కథ ఆ తర్వాతేనట.